ఫిట్స్‌కు కారణం పంది ముక్కా, కడగని చేతులా?

సాయంత్రం ఆరు దాటిందంటే నంద్యాలలో ఏ సెంటర్‌లో చూసినా నూడుల్స్ బండ్ల మీద కళాయిలు మోగుతుంటాయి. దాదాపు నలభై కిలోమీటర్ల అవతల ఆళ్లగడ్డలోనూ అదే సందడి. జొన్నరొట్టె, రాగిసంగటి, ఎర్రకారం తిని పెరిగిన ఊళ్లివి. ఘాటైన నూడుల్స్ ఇక్కడ ఇంత తొందరగా కుదురుకున్నాయంటే ఆశ్చర్యమేముంది? కారం మనకు పాతదే. దారాల్లా సాగే గోధుమపిండి ఒక్కటే కొత్త.

ఇప్పుడా నూడుల్స్ బండి దిగి వంటింట్లోకి వచ్చాయి. బెంగళూరులోనో హైదరాబాద్‌లోనో ఉద్యోగం చేసే కొడుకు సెలవులకు ఇంటికొస్తాడు. ఫోన్‌లో వీడియో పెట్టుకుని, చైనాలోని సిచువాన్ పద్ధతిలో పంది మాంసం కైమాతో నూడుల్స్ చేస్తానంటాడు. చెల్లెలు సరేనంటుంది. అవ్వ తన గిన్నెలు ముట్టనివ్వనంటుంది. అమ్మ ఎటూ చెప్పలేక ఊరుకుంటుంది. నాన్న మాత్రం బీపీ చూపించుకోవడానికి ఓపీకి వచ్చినప్పుడు గొంతు తగ్గించి అడుగుతాడు: ‘‘సార్, పంది మాంసం తింటే మెదడులో పురుగులు పడతాయంట కదా?’’

ఈ ప్రశ్నకు ఒక్క మాటలో జవాబు చెప్పడం కష్టం. అందుకే ఈ వ్యాసం.

ముందుగా ఒక విషయం. పంది మాంసం తినాలా వద్దా అన్నది మీ విశ్వాసం, మీ ఇంటి ఆచారం, మీ నాలుక కలిసి తేల్చుకోవాల్సిన సంగతి. తినని ఇంటిని తినమనను, తినే ఇంటిని మానమనను. నా అభ్యంతరమల్లా ఒక్కటే. ఆచారాన్ని వైద్యం అనుకోవద్దు. ‘మేం పంది మాంసం ముట్టం కాబట్టి మాకు ఆ జబ్బు రాదు’ అన్న ధీమా తప్పు. ఆ ధీమా వల్ల అసలు జాగ్రత్త పడాల్సిన చోట పడటం లేదు.

పురుగు ఒకటే, దారులు రెండు

పందికి సంబంధించిన ఈ బద్దెపురుగు పేరు టీనియా సోలియం. దీని జీవితం రెండు భాగాలు. ఒక భాగం పంది కండరాల్లో, మరో భాగం మనిషి పేగుల్లో. ఈ రెండింటినీ కలిపి ఒకే మాటగా చెప్పడం వల్లే గందరగోళమంతా వచ్చింది.

మొదటి దారి చూడండి. పంది కండరాల్లో ఈ పురుగు పిల్లలు చిన్న నీటితిత్తుల్లా ఉంటాయి. ఉడికిన సగ్గుబియ్యం గింజల్లా కనిపిస్తాయి. అలాంటి మాంసం సరిగా ఉడకకుండా తింటే ఆ తిత్తిలోని పిల్లపురుగు మన పేగు గోడను పట్టుకుని పెరుగుతుంది. రెండు నుంచి ఏడు మీటర్ల వరకూ సాగుతుంది. ఇంత పెద్ద పురుగున్నా చాలామందికి పెద్ద బాధేమీ ఉండదు. కాస్త కడుపునొప్పి, అజీర్తి, అప్పుడప్పుడు మలంలో తెల్లటి నాడా ముక్కల్లాంటివి. అంతే. గమనించండి, ఈ దారిలో పురుగు పేగులోనే ఉంటుంది. మెదడుకు ఎక్కదు.

రెండో దారి వేరు. పేగులో పురుగున్న మనిషి మలంలో దాని గుడ్లు వేలల్లో బయటకొస్తాయి. కంటికి కనిపించవు. ఆ మనిషి మరుగుదొడ్డికి వెళ్లొచ్చి సబ్బుతో చేతులు కడుక్కోకపోతే గోళ్ల సందుల్లో గుడ్లు ఉండిపోతాయి. ఆ చేత్తో కొత్తిమీర తరిగితే, చపాతీ పిండి కలిపితే, నీళ్ల బిందెలో గ్లాసు ముంచితే ఆ గుడ్లు ఇంకొకరి నోట్లోకి వెళ్తాయి. బహిరంగ మలవిసర్జన జరిగే చోట, మురుగునీరు పారే చోట పెరిగిన ఆకుకూరల మీద కూడా ఉండవచ్చు. మింగిన గుడ్డు కడుపులో పగిలి, అందులోని పిల్ల పేగు గోడను దాటి, రక్తంలో కలిసి కండరాల్లోకి, కంటిలోకి, మెదడులోకి చేరుతుంది. అక్కడ తిత్తి కడుతుంది. మెదడులో కడితే దాన్ని న్యూరోసిస్టిసర్కోసిస్ అంటాం. ఫిట్స్ తెచ్చేది ఇదే.

అంటే, మెదడులోకి పురుగు పంపేది పంది మాంసం ముక్క కాదు. మనిషి మలం నుంచి వచ్చిన గుడ్డు. ఈ ఒక్క వాక్యం గుర్తుంటే మిగతా వ్యాసం చదవకపోయినా నాకు బాధ లేదు.

అలాగని సరిగా ఉడకని పంది మాంసం నిరపాయం అనుకోకండి. దాన్ని తిన్న మనిషి పేగులో పురుగు పెరిగితే, గుడ్లు విడుదల చేసేది ఆ మనిషే. తన చేతి నుంచి తన నోటికే గుడ్లు వెళ్లొచ్చు. తనతో కలిసి తినేవాళ్లకూ వెళ్లొచ్చు. అందుకే మాంసం ఉడకడమూ ముఖ్యమే, చేతులు కడగడమూ ముఖ్యమే. మనవాళ్లు మొదటిదాన్ని చూసి భయపడతారు, రెండోదాన్ని పట్టించుకోరు.

గుడ్డు కూడా ముట్టని ఇంట్లో

పిల్లాడికి మొదటిసారి ఫిట్స్ వచ్చాయి. సీటీ స్కాన్‌లో చిన్న ఉంగరంలాంటి మచ్చ కనిపించింది. ఇది పురుగు తిత్తి కావచ్చని చెప్పగానే తల్లిదండ్రులు నన్ను అనుమానంగా చూస్తారు. ‘‘మేం గుడ్డు కూడా ముట్టం సార్. మీరు స్కాన్ మార్చి చూస్తున్నారేమో’’ అంటారు. నా దగ్గరే కాదు, ఈ రాష్ట్రంలో ఏ ఫిజీషియన్‌నడిగినా ఇలాంటి మాట విన్నామనే చెబుతారు. 

1990ల మొదట్లో న్యూయార్క్ వైద్యులకూ ఇదే చిక్కు వచ్చింది. అక్కడ సంప్రదాయ యూదు సమాజానికి చెందిన నలుగురికి ఫిట్స్ వచ్చాయి, మెదడులో ఈ తిత్తులు బయటపడ్డాయి. పంది మాంసం వాళ్లకు మతరీత్యా నిషిద్ధం. ఆరా తీస్తే, ఈ పురుగు ఎక్కువగా ఉండే దేశాల నుంచి వచ్చి ఆ ఇళ్లలో పనిచేస్తున్నవారిలో ఒకరి కడుపులో బద్దెపురుగు ఉన్నట్టు తేలింది. 1992లో ఈ సంగతి వైద్య పత్రికల్లో వచ్చాక ప్రపంచమంతటా వైద్య విద్యార్థులకు పాఠమైంది. జబ్బు మాంసంతో రాలేదు, చేతితో వచ్చింది.

మన దేశంలో మరో పాఠం ఉంది. ఫిట్స్ వచ్చిన రోగుల సీటీ స్కాన్‌లో కనిపించే చిన్న మచ్చను ఒకప్పుడు క్షయ గడ్డ అనుకునేవారు. నెలల తరబడి టీబీ మందులు వాడించేవారు. 1980ల చివర్లో వేలూరు క్రిస్టియన్ మెడికల్ కాలేజీ వైద్యులు వాటిని పరీక్షించి, చాలావరకు అవి ఈ పురుగు తిత్తులేనని చూపించారు. మన వైద్యం దిశ అప్పటి నుంచే మారింది. ఈ పురుగు ఎక్కువగా ఉన్న ప్రాంతాల్లో మూర్ఛ కేసుల్లో దాదాపు 30 శాతానికి ఇదే కారణమని ప్రపంచ ఆరోగ్య సంస్థ అంచనా. ఆపగలిగిన కారణమిది. అందుకే నాకు ఆదుర్దా.

ఇక క్యాబేజీ సంగతి. ‘క్యాబేజీలో పురుగు మెదడుకు వెళ్తుంది’ అని వాట్సాప్‌లో తిరుగుతూనే ఉంటుంది. అది చూసి క్యాబేజీ మానేసిన కుటుంబాలు నాకు తెలుసు. క్యాబేజీలో కనిపించే పచ్చ పురుగు మెదడుకు వెళ్లదు. నోట్లో పడితే అరుగుతుంది, అంతే. క్యాబేజీ ఆకుల మడతల్లో బద్దెపురుగు గుడ్లు అంటుకుని ఉండే అవకాశం మాత్రం నిజం. క్యాబేజీకే కాదు, కొత్తిమీర, ఉల్లికాడలు, క్యారెట్, పచ్చిగా తినే ఏ కూరగాయకైనా ఇది వర్తిస్తుంది. కాబట్టి మానాల్సింది క్యాబేజీని కాదు, కడగకపోవడాన్ని.

ఇప్పుడు నూడుల్స్ ప్లేటు ముందు పెట్టుకుని చూడండి. పంది మాంసం ముక్క నూనెలో వేగి, ఉడికి వచ్చింది. క్యాబేజీ, క్యాప్సికం ‘కరకరలాడాలి’ అని సగం పచ్చిగా కళాయిలో రెండు తిప్పులు తిరిగి వచ్చాయి. పైన చల్లిన ఉల్లికాడలకైతే పొయ్యి సెగ కూడా తగల్లేదు. మెదడు పురుగు గురించే భయపడేట్టయితే, ఆ ప్లేటులో భయపడాల్సింది దేనికో మీరే చెప్పండి. శాకాహారం పేరుతో ఆర్డరిచ్చిన వెజ్ నూడుల్స్‌లో కూడా ఆ ఉల్లికాడలే ఉంటాయి.

పందికి ఈ జబ్బు ఎక్కడిది?

పంది మురికిది కాబట్టి దానిలో పురుగులుంటాయని మనం తేలిగ్గా అనేస్తాం. నిజానికి పందికి ఈ పురుగు వచ్చేది మనిషి మలం తినడం వల్ల. మనం మరుగుదొడ్డి వాడకుండా బయట వదిలేసిన దాన్ని అది తింటుంది. దాని కండరాల్లో తిత్తులు కడతాయి. ఆ మాంసం మళ్లీ మనకు చేరుతుంది. చక్రం మొదలయ్యేది మన దగ్గరే. అందరూ మరుగుదొడ్డి వాడే ఊళ్లో, దొడ్డిలో కట్టి దాణా పెట్టి పెంచిన పందికి ఈ పురుగు అంటుకునే దారే ఉండదు. పారిశుధ్యం బాగుపడ్డ దేశాల్లో పంది మాంసం రోజూ తింటూనే ఈ జబ్బును దాదాపు మరిచిపోయారు.

పందులతో ముడిపెట్టే మరో రెండు భయాలున్నాయి. స్వైన్‌ఫ్లూ పేరులో పంది ఉన్నా, 2009 నుంచి మనకు తెలిసిన ఆ జ్వరం మనిషి దగ్గుతో మనిషికి వస్తుంది. ఉడికిన మాంసంతో రాదు. మెదడువాపుల్లో ఒకటైన జపనీస్ ఎన్‌సెఫలైటిస్‌ను వరి పొలాల్లో పెరిగే క్యూలెక్స్ దోమ మోస్తుంది. ఆ వైరస్ పందుల్లో పెరుగుతుంది కాబట్టి ఇళ్ల మధ్య పందుల మంద ఉండటం మంచిది కాదు. అయితే అదీ ప్లేటులోంచి రాదు, దోమకాటుతో వస్తుంది. పందుల పెంపకం మీద బతికే కుటుంబాలను చీదరించుకుంటే ఇవేవీ తగ్గవు. ఊరి బయట వాటికి దొడ్లు, నీళ్లు, పశువైద్యుడి తనిఖీ ఏర్పాటు చేస్తే తగ్గుతాయి. మున్సిపాలిటీని అడగాల్సింది ఇది.

బాత్రూమ్ ఎవరిది?

ఇక్కడ కాస్త కటువుగా మాట్లాడాలి. న్యూయార్క్ కథ చదివాక కొందరికి వెంటనే పనిమనిషి మీద అనుమానం వస్తుంది. ఆ అనుమానం అన్యాయం. ఈ పురుగు ఎవరి కడుపులోనైనా ఉండొచ్చు. హాస్టల్లో తిన్న కొడుకులో, ఊరూరా తిరిగే సేల్స్ ఉద్యోగిలో, వంటమాస్టర్‌లో, మీలో, నాలో. మొహం చూసి చెప్పలేం.

మరి మన ఇళ్లలో ఏం జరుగుతోంది? పొద్దున్నే వచ్చి అంట్లు తోమి, కూరగాయలు తరిగి, పిండి కలిపి వెళ్లే ఆమెకు మన బాత్రూమ్ వాడుకునే హక్కు లేని ఇళ్లు ఎన్నో. నాలుగిళ్లలో పనిచేసి మధ్యాహ్నం దాకా బిగబట్టుకునో, వీధి చివర కంపచెట్ల చాటుకు వెళ్లో ఆమె అవసరం తీర్చుకోవాలి. అక్కడ నీళ్లుండవు, సబ్బు ఉండదు. మళ్లీ వచ్చి మన పిండే కలపాలి. మడి కోసం, శుభ్రత కోసం ఆమెను బాత్రూమ్‌కు దూరం పెట్టామనుకుంటున్నాం. వైద్యుడిగా చెబుతున్నాను, అది శుభ్రతకు సరిగ్గా వ్యతిరేకం. మనం మూసిన తలుపే మన కంచంలోకి గుడ్లను తెచ్చే దారి కావచ్చు.

కాబట్టి మీ ఇంట్లో పనిచేసే ఎవరికైనా మరుగుదొడ్డి, నీళ్లు, సబ్బు అందుబాటులో ఉంచండి. ఇది దయ కాదు, మీ పిల్లల మెదడుకు రక్షణ. సబ్బుతో చేతులు కడిగే అలవాటు ఆమెకొక్కదానికే నేర్పడం కాదు, మీ ఇంటిల్లిపాదికీ ఉందో లేదో చూసుకోండి. భోజనానికి ముందు కుళాయి కింద రెండు వేళ్లు తడిపి లేచొచ్చే పెద్దమనుషులు చాలామందే ఉన్నారు.

వండాలనుకుంటే ఇలా

ఇంట్లో వండుకోవడానికి నేను అనుకూలమే. బండి మీద నూనె ఎన్నిసార్లు మరిగిందో, ఆ సాస్ ఎప్పటిదో మీకు తెలియదు. ఇంట్లో తెలుస్తుంది. సిచువాన్‌లో పేరున్న ‘డాన్ డాన్’ నూడుల్స్ కూడా మొదట వీధి తిండే. డాన్ డాన్ అంటే కావడి బద్ద. ఒకవైపు నూడుల్స్, మరోవైపు సాస్ వేలాడదీసి భుజాన మోసుకెళ్లి అమ్మేవారట. అందులో పడేవి ఎండుమిరపకాయల నూనె, వేయించిన పంది మాంసం కైమా, నాలుకకు జివ్వుమనిపించే సిచువాన్ మిరియం. చాలాచోట్ల నువ్వుల ముద్దో, వేరుశనగ పలుకులో కూడా వేస్తారు. ఎండుమిర్చి, పల్లీలు, నువ్వులు. కర్నూలు, నంద్యాల వంటింట్లో లేనివేమున్నాయి?

మాంసం కొనేటప్పుడు పశువైద్యుడి తనిఖీ జరిగిన చోట కొనండి. కోసిన ముక్కలో సగ్గుబియ్యంలాంటి తెల్లటి గింజలు కనిపిస్తే తీసుకోవద్దు. అవి కనిపించనంత మాత్రాన మాంసం మంచిదని హామీ కాదు కాబట్టి ఉడికించడమే అసలు కాపుదల. కైమా విషయంలో మరింత జాగ్రత్త కావాలి. ముక్కగా ఉన్నప్పుడు ఉపరితలం మీద ఉన్న సూక్ష్మక్రిములు కైమా కొట్టాక లోపలంతా కలిసిపోతాయి. దానికి లోపలి వేడి 71 డిగ్రీల సెల్సియస్ చేరాలంటారు. మన ఇళ్లలో థర్మామీటరు పెట్టి వండేవారెవరు? అందుకే తేలిక మార్గం చెబుతాను. ముందు కుక్కర్, తర్వాత కళాయి.

చైనా వంటవాడు పెద్ద మంట మీద నిమిషాల్లో వేయించి దించేస్తాడు. ఆ మంట మన గ్యాస్ పొయ్యికి రాదు. పైన మాడి లోపల పచ్చిగా మిగిలిపోయే ప్రమాదం ఉంది. మనం మాంసాన్ని పసుపు, అల్లంవెల్లుల్లి ముద్ద వేసి కుక్కర్‌లో మెత్తగా ఉడికించి, ఆ తర్వాత తాలింపు వేస్తాం. కుక్కర్‌లో వేడి 120 డిగ్రీల దగ్గరికి వెళ్తుంది. ఏ తిత్తీ దానికి నిలవదు. రుచి కోసం ఉడికిన మాంసాన్ని నీళ్లు ఇగిరేదాకా కళాయిలో వేయించుకుంటే సరి. ఈ విషయంలో మన అమ్మల పద్ధతే గొప్పది.

పచ్చి మాంసం కోసిన కత్తి, పలకలతోనే ఉల్లికాడలు తరగకండి. ముందు కూరగాయలు, ఆ తర్వాతే మాంసం. ఉప్పు సరిపోయిందో లేదో చూడటానికి పచ్చి కైమాను నాలుకకు రాసుకునే అలవాటు కొందరికుంది. మానండి. మాంసం నానబెట్టిన సాస్‌ను వృథా ఎందుకని చివర్లో పైన పోయకండి. ఫ్రిజ్‌లో గడ్డకట్టించాం కాబట్టి తక్కువ ఉడికినా పర్వాలేదనుకోకండి.

కూరగాయలను ఒక్కో ఆకుగా విడదీసి, పారే నీటి కింద వేళ్లతో రుద్ది కడగండి. ఉప్పునీళ్లు, పసుపునీళ్లు, వెనిగర్ ఈ గుడ్లను చంపుతాయని నమ్మకండి. రుద్ది కడిగితే అవి వదిలిపోతాయి, వేడి తగిలితే చస్తాయి. ఇంట్లో చిన్నపిల్లలుంటే క్యాబేజీ ముక్కల్ని మరిగే నీళ్లలో కాసేపు ఉడకనిచ్చి తీయండి. కరకర కాస్త తగ్గుతుంది, నిద్ర బాగా పడుతుంది.

మిగిలిన నూడుల్స్ గురించి కూడా ఒక మాట. నంద్యాల ఎండల్లో వండిన గిన్నె రాత్రంతా పొయ్యి గట్టు మీద ఉంటే అందులో బాసిల్లస్ సీరియస్ అనే బ్యాక్టీరియా పెరిగి విషం వదులుతుంది. పొద్దున మళ్లీ వేడి చేస్తే ఆ విషం పోదు. వాంతులు మిగులుతాయి. తినడం అయిన గంటలోపే ఫ్రిజ్‌లో పెట్టండి, లేకపోతే పారేయండి.

రోజూ దెబ్బ తీసేది వేరే ఉంది

పురుగు గురించి ఇంత చెప్పాను కాబట్టి, ఆ ప్లేటులో ఎక్కువమందిని దెబ్బతీసేదాని గురించీ చెప్పాలి. అది ఉప్పు. పెద్దలకు రోజుకు 5 గ్రాముల లోపు, అంటే ఒక టీస్పూను కన్నా తక్కువ ఉప్పు చాలని ప్రపంచ ఆరోగ్య సంస్థ అంటుంది. ప్రపంచ సగటు మనిషి దానికి రెట్టింపు తింటున్నాడు. పచ్చడి, అప్పడం, ఊరమిరపకాయ లేనిదే ముద్ద దిగని మన సంగతి చెప్పేదేముంది? ఒక పెద్ద చెంచా, అంటే 15 మిల్లీలీటర్ల సోయా సాస్‌లో దాదాపు 900 మిల్లీగ్రాముల సోడియం ఉంటుంది. ఉప్పు లెక్కలో రెండు గ్రాములకు పైమాటే. దానికి తోడు చిల్లీ సాస్, టమాటా సాస్, నూడుల్స్ ఉడికించిన నీళ్లలో ఉప్పు, మాంసంలో ఉప్పు. ఒక్క ప్లేటుతో రోజు కోటా అయిపోతుంది.

నలుగురికి కలిపి ఒకటిన్నర పెద్ద చెంచాల సోయా సాస్ చాలు. అది వేసినప్పుడు విడిగా ఉప్పు వద్దు. లోటును నిమ్మరసం, వెల్లుల్లి, ఎండుమిర్చి, వేయించిన పల్లీల పొడి తీరుస్తాయి. ప్యాకెట్ నూడుల్స్ అయితే వెనక ‘సోడియం’ అన్న అంకె చూసి దాన్ని రెండున్నరతో గుణించండి. అదే మీరు తినే ఉప్పు. మసాలా పొట్లం సగమే వేయండి.

అజినమోటో అంటే హడలిపోయేవారు ఈ లెక్క వింటే నవ్వుతారు. దానిలో సోడియం 12 శాతం, మామూలు ఉప్పులో 39 శాతం. మోతాదులో వాడితే అది విషం కాదు. అది లేదని చూపించి ఉప్పు గుమ్మరించిన ప్యాకెట్టే ఎక్కువ చేటు. ఇక పంది మాంసం కూడా మేక మాంసం లాగే ఎర్ర మాంసం. కొవ్వు తీసిన ముక్కలు, వారానికి ఒకసారి, కొద్దిగా అయితే చాలు. సాసేజ్, బేకన్ లాంటి నిల్వ మాంసాలు నాగరికంగా ప్యాక్ చేసి ఉంటాయి కాబట్టి మేలనుకోవద్దు. క్యాన్సర్ కారకాల జాబితాలో అవి 2015 నుంచీ ఉన్నాయి. నంద్యాల కారం అల్సర్ తెస్తుందన్నదీ పూర్తి నిజం కాదు. చాలావరకు అల్సర్లకు కారణం హెచ్.పైలోరి బ్యాక్టీరియా, అతిగా మింగే నొప్పి మాత్రలు. గుండెల్లో మంట, మొలలు ఉన్నవాళ్లు మాత్రం కారం తగ్గించుకోవాలి.

ఫిట్స్ వస్తే

ఇన్ని జాగ్రత్తలున్నా ఇంట్లో ఎవరికైనా ఫిట్స్ వస్తే కంగారుపడకండి. మనిషిని పక్కకు తిప్పి పడుకోబెట్టండి. మెడ దగ్గర బట్టలు వదులు చేయండి. చేతిలో తాళాలు పెట్టడం, ముక్కు దగ్గర ఉల్లిపాయ, నోట్లో చెంచా కుక్కడం వద్దు. అయిదు నిమిషాలు దాటినా ఆగకపోతే, ఒకదాని వెంట ఒకటి వస్తుంటే 108కి ఫోన్ చేయండి. మొదటిసారి వచ్చినవారు ఫిట్స్ ఆగిపోయినా ఆసుపత్రికి రావాలి, స్కాన్ తీయించుకోవాలి. తిత్తి కట్టిన నెలలకో ఏళ్లకో ఫిట్స్ రావచ్చు కాబట్టి పోయిన ఆదివారం ఏం తిన్నారన్న గొడవతో ఇంట్లో తగాదాలు పెట్టుకోకండి.

నులిపురుగుల మాత్ర అల్బెండజోల్ అందరికీ తెలిసిందే. ఫిబ్రవరి 10న, ఆగస్టు 10న బడిలో పిల్లలకు ఇచ్చేది అదే. అది వేయించండి, మంచిదే. అయితే ఫిట్స్ ఉన్న మనిషికి షాపులో కొని సొంతంగా వేయకండి. మెదడులో తిత్తులు ఎక్కువగా ఉంటే పురుగు చచ్చేటప్పుడు వాపు పెరిగి ప్రాణం మీదికి రావచ్చు. స్కాన్ చూసి, వాపు తగ్గించే మందుతో కలిపి, డాక్టరు చెప్పిన లెక్కలోనే వాడాలి. రోగి ఇంట్లో అందరికీ మల పరీక్ష చేయించాలి. ఎవరి కడుపులోనైనా పురుగుంటే మందుతో పోతుంది. ఇది తప్పు వెతకడానికి కాదు, గొలుసు తెంపడానికి.

ఆడపిల్లకు ఫిట్స్ వస్తే పెళ్లి కాదని దాచిపెట్టే తల్లిదండ్రులకు ఒక మాట. ఒకే తిత్తి ఉన్న చాలామందిలో అది కొంతకాలానికి కరిగిపోతుంది. డాక్టరు సలహాతో మందులు ఆపేయగలిగే రోజు వస్తుంది. మూర్ఛ ఉందన్న కారణంతో పెళ్లిని రద్దు చేయొచ్చన్న మాటను 1999లోనే హిందూ వివాహ చట్టం నుంచి తీసేశారు. చట్టం మారి ఇన్నేళ్లయింది. మారాల్సింది మనం. దాచినన్నాళ్లూ వైద్యం ఆలస్యమవుతుంది. మాటమధ్యలో మందు మానేస్తే ఫిట్స్ తిరగబెడతాయి.

చివరికి ఆ తండ్రి అడిగిన ప్రశ్నకు నా జవాబు ఇది. మీ అబ్బాయి నూడుల్స్ చేస్తానంటే చేయనివ్వండి. మీ ఇంటి పద్ధతి ఒప్పుకుంటే పంది మాంసంతో, ఒప్పుకోకపోతే కోడిమాంసంతోనో పల్లీలతోనో. మాంసం కుక్కర్‌లో మెత్తగా ఉడకాలి. సాస్ చెంచా లెక్కన పడాలి. ఉల్లికాడలు పారే నీటిలో కడగాలి. వండే చేయి, వడ్డించే చేయి, తినే చేయి మూడూ సబ్బు చూడాలి. అవ్వకు ఇష్టం లేకపోతే ఆమె గిన్నెలు వదిలేసి వేరే గిన్నెలో వండమనండి. కూరగాయలు తరిగే ఆమెకు మాత్రం బాత్రూమ్ తలుపు తీసిపెట్టండి.